శని పండగ

పూతలపట్టు కూడలి నుంచి కాణిపాకం రోడ్డులో కొంత దూరం వెళితే ఒక కాలనీ, కాలనీ చివర రేకుల కప్పుతో ఒక ప్రార్థన మందిరం కనిపిస్తాయి. కృపారాణి ఆ కాలనీకి కోడలుగా వచ్చిన ఏడు, క్రిస్మస్ ఆరాధన ముగియగానే కొంగు నడుముకు దోపుకొని పొయ్యిల వైపు నడిచింది. పాస్టరు రాజారత్నం చెయ్యి అడ్డం పెట్టాడు.

"యాడికి మా? పోయి కూసో. ఈ పొద్దు ఆడోళ్లకు పన్లేదు."

అది ఆయన పెట్టిన ఆచారం. క్రిస్మస్ నాడు మగవాళ్లే వండాలి, మగవాళ్లే వడ్డించాలి. ఆడవాళ్లు కొత్త చీరలు కట్టుకొని పంక్తిలో కూర్చొని తినాలి. ఆయనే పంచె ఎగగట్టి, సాంబారు బకెట్టు పట్టుకొని వరసల మధ్య తిరిగేవాడు. అన్నం ముద్దయ్యేది, కూరలో కారం మండేది. అయినా ఆడవాళ్లు ఒకరినొకరు మోచేత్తో పొడుచుకొని నవ్వుకుంటూ, అడిగి అడిగి వేయించుకొని తినేవాళ్లు.

తల్లి లేని ఇంట్లో పెరిగిన కృపారాణికి వంట చేయని రోజంటూ ఒకటి ఉంటుందని అప్పటిదాకా తెలియదు. కాణిపాకం రూట్లో షేర్ ఆటో తోలే ఆమె మొగుడు ఏబెల్ సాయంత్రమైతే తాగేవాడు. తాగితే కొట్టేవాడు. అలాంటివాడు ఆ ఒక్క పగలు మాత్రం తాగకుండా, ఆమె విస్తరి ముందు వంగి "పులుసు పొయ్యాల్నా?" అని అడిగేవాడు. ఏడాది పొడుగునా ఆమెను ఏ సంగతీ అడగని మనిషి. ఆ మాట కోసమే ఆమె కావాలని పులుసు తక్కువ పోయించుకునేది, ఇంకోసారి అడుగుతాడని.

కూతురు నిస్సీ పుట్టింది, పెరిగింది, పెళ్లయి నగరిలో అత్తారింటికి వెళ్లింది. కృపారాణి కాణిపాకంలో ఒక లాడ్జిలో పనికి కుదిరింది. భక్తులు ఖాళీ చేసిన గదులు ఊడవడం, దుప్పట్లు మార్చడం, బాత్‌రూములు కడగడం ఆమె పని. ఏడాదిలో ఆమె అడిగి తీసుకునే సెలవు క్రిస్మస్ ఒక్కటే.

రాజారత్నం చనిపోయాక తిరుపతి నుంచి సుందరరాజు అనే కొత్త పాస్టరు వచ్చాడు. వయసులో చిన్నవాడు, చదువుకున్నవాడు. ప్రొజెక్టరుతో గోడ మీద బొమ్మలు చూపించి మరీ వాక్యం చెప్పేవాడు. ఆ రోజుల్లోనే ఏబెల్ తాగి ఆటో బోల్తా కొట్టించాడు. ఎవరి ప్రాణమూ పోలేదు గానీ కృపారాణికి భయం పట్టుకుంది. మొగుడి చెయ్యి పట్టుకొని తనే సుందరరాజు దగ్గరికి తీసుకెళ్లింది.

"అయ్యా, ఈ మనిషిని నువ్వే బాగు సెయ్యల్ల."

సుందరరాజు నెలల తరబడి ఏబెల్‌ను వదల్లేదు. పొద్దున్నే వచ్చి నిద్ర లేపేవాడు, సాయంత్రం బ్రాందీ షాపు వేళకు వచ్చి పక్కన కూర్చునేవాడు. వాంతులు చేసుకుంటే తుడిచాడు. ఏబెల్ తాగుడు మానేశాడు. కృపారాణి ఆ పాస్టరు రెండు చేతులూ పట్టుకొని ఏడ్చింది. ఆ తర్వాత ఆయన ఏం చెప్పినా ఎదురు మాట్లాడలేకపోవడానికి కారణం అదే.

వానలు వెనకబట్టాక సుందరరాజు ప్రతి ఆదివారం ఒక పండగ అసలు ఎక్కడ పుట్టిందో చెప్పడం మొదలుపెట్టాడు. క్రిస్మస్ వంతు వచ్చిన రోజు గోడ మీద గడ్డం ఉన్న ఒక రాతి విగ్రహం కనిపించింది.

"ఈయన శాటర్న్. రోమా వాళ్ల దేవుడు. శాటర్న్ అంటే ఎవరప్పా? శని! డిసెంబర్‌లో వారం దినాలు ఈయనకు పండగ చేసేవాళ్లు. కోర్టులు మూసేసి తినేది, తాగేది, జూదమాడేది. కొవ్వొత్తులు, మట్టిబొమ్మలు ఒకరికొకరు ఇచ్చుకునేది. అది ముగిసినాక ఇరవై ఐదున సూర్యుడి పుట్టినరోజు. ఆ తేదీకే మనవాళ్లు ప్రభువు పేరు తగిలించినారు. బైబిల్లో ఆ తేదీ యాడుండాదో ఎవురన్నా సూపించండి."

ముందు వరసలో ఇద్దరు బైబిళ్లు తిరగేసి మళ్లీ మూసేశారు.

"ఇంకో విడ్డూరం వినండి. ఆ పండగలో బానిసలు కూర్చుంటే యజమానులు వడ్డించేవాళ్లంట! మన మందిరంలో మగవాళ్లు బకెట్లు పట్టుకొని తిరిగే ఆచారం యాడి నుంచి వచ్చిందో ఇప్పుడన్నా తెలిసిందా?"

మగవాళ్లు పడీపడీ నవ్వారు. అందరికన్నా గట్టిగా నవ్వినవాడు ఏబెల్. చాప మీద వెనక వరసలో కూర్చున్న కృపారాణికి నవ్వు రాలేదు. తెలియకుండానే నోరు తెరిచింది.

"అయ్యా, పండగ అయిపోయినాక ఆ బానిసలు ఏం సేసినారు?"

సుందరరాజు చిన్నగా నవ్వాడు. "ఏం చేస్తారమ్మా, మళ్లా బానిసలే."

మళ్లీ నవ్వులు. ఇంటికొచ్చాక ఏబెల్ ఆమె మీద చెయ్యి ఎత్తలేదు. బైబిలు తెరిచి, సంఘంలో స్త్రీలు మౌనంగా ఉండాలన్న వచనం రెండుసార్లు గట్టిగా చదివి దీపం ఆర్పేశాడు.

ఆ ఏడు నుంచి మందిరంలో క్రిస్మస్ ఆరాధన, భోజనాలు ఉండవన్నారు. ఇళ్ల మీద కాగితపు నక్షత్రాలు కట్టవద్దన్నారు. కొత్త బట్టలు వద్దన్నారు. తర్వాత నెలల పేర్ల మీద పడ్డారు. జనవరి అంటే జేనస్ అనే దేవుడు, ముందొక మొహం వెనకొక మొహం. మార్చి అంటే యుద్ధాల దేవుడు. ఏబెల్ గోడ మీది క్యాలెండరు చించి పొయ్యిలో పెట్టాడు. అప్పటినుంచి మొదటి నెల, మూడో నెల అనడమే. అయినా కాణిపాకం వినాయకుడి దగ్గరికి భక్తులను తోలడం మాత్రం మానలేదు. కృపారాణి ఒకసారి అడిగింది కూడా.

"అది తప్పుగాదా మరి?"

"అది పొట్టకూటికి," అన్నాడు.

ఆమె నిస్సీకి ఫోను చేసి బాధ చెప్పుకోబోయింది.

"నాయన తాగడంల్యా గదమ్మా," అంది నిస్సీ. "ఇంకేం గావాల నీకు? పండగ లేకపోతే పోనీలే."

కృపారాణి ఫోను పెట్టేసి రాత్రి అన్నానికి బియ్యం కడిగింది.

డిసెంబరు వచ్చింది. ఇరవై ఐదో తేదీ మామూలు రోజేనని లోకానికి తెలిసేలా అందరూ ఎవరి పనికి వాళ్లు వెళ్లాలని మందిరంలో చెప్పారు. లాడ్జి మేనేజరు ఢిల్లీబాబు తనంతట తనే అడిగాడు.

"ఏం కృపా, లీవు అడగలేదే? మీ పండగ గదా?"

"పండగ లేదులే సార్."

సెలవుల రద్దీకి ఆ రోజు గదులన్నీ నిండిపోయాయి. ఒక గది కడిగి వచ్చేలోపు ఇంకోటి ఖాళీ అయ్యేది. మధ్యాహ్నం తనతో పాటు పనిచేసే వనజాక్షి మెట్ల మీదికి పిలిచి తన డబ్బాలోని చిత్రాన్నం సగం పెట్టింది. ప్రతి క్రిస్మస్‌కూ కృపారాణి ఇంటి నుంచి ఆమెకు ఒక గిన్నె కూర వెళ్లేది. ఆ ఏడు వెళ్లలేదు.

"మా ఇంట్లో పండగంటే నాకు ఇంకా నడుం ఇరుగుతాది," అంది వనజాక్షి. "మీ పండగే బాగుండె మే. కూసోబెట్టి పెడతారని నువ్వు సెప్తా ఉంటే నాకు కుళ్లుగా ఉండేది."

కృపారాణి డబ్బా కడిగి ఆమెకిచ్చి, ఖాళీ అయిన గదుల వైపు నడిచింది.

పొద్దుగూకే వేళకు ఇల్లు చేరింది. ఏబెల్ మంచం మీద కూర్చొని ఉన్నాడు. పొద్దున ఆమె వండి పోయిన అన్నం, పప్పు గిన్నెల్లో అలాగే ఉన్నాయి.

"అన్నం పెట్టు," అన్నాడు.

ఆమె కాళ్లు కడుక్కొని వచ్చి, గోడకు ఆనుకొని కూర్చుంది.

"నువ్వే పెట్టు. నాకూ పెట్టు. ఈ ఒక్క పూట."

"శని పట్టిందా నీకు?"

"పట్టిందనే అనుకో. లేయలేను నేను."

అతను లేచాడు. చెప్పులు వేసుకొని బయటికి పోయి, సుందరరాజును, ఆయన భార్యను వెంటబెట్టుకొని వచ్చాడు. సుందరరాజు కుర్చీలో కూర్చొని, కోపం లేకుండా, జబ్బుమనిషితో మాట్లాడినట్టు మాట్లాడాడు.

"ఏమ్మా, దేవుడు నీకు మొగుణ్ణి తిరిగి ఇచ్చినాడు. ఆయనకు అన్నం పెట్టేదానికి నీకు బరువైందా?"

"బరువు గాదయ్యా. ఆ రోమా బానిసలకైనా ఏడాదికి ఒక పండగ ఉండె. నువ్వే సెప్తివి. ఈయన తాగుడు పోగొట్టల్లని నీ కాడికి నేనే తీసుకొస్తిని. పోగొడితివి, నీ మేలు మర్చిపోను. దాంతో పాటు నాకుండే ఒక్క పూటా ఎత్తుకొని పోతివి. అదేం నీకు అడ్డమొచ్చె?"

పాస్టరు భార్య తల వంచుకుంది. సుందరరాజు మాత్రం లేచి నిలబడి, "ఇది అహంకారం, మొగుడి మీద తిరుగుబాటు," అన్నాడు. సంఘం ముందు నిలబడి తప్పు ఒప్పుకునేదాకా ప్రభు బల్ల దగ్గర పంచే రొట్టెలో, ద్రాక్షరసంలో ఆమెకు పాలు లేదని చెప్పి, ప్రార్థన చేసి వెళ్లిపోయాడు. ఏబెల్ తినకుండానే పడుకున్నాడు. ఆమె కూడా తినలేదు. పప్పు పులిసిపోతే తెల్లారి కుక్కకు పోసింది.

కృపారాణి తప్పు ఒప్పుకోలేదు. ఒకటి రెండు ఆదివారాలు వెనక గోడ దగ్గర నిలబడి వచ్చింది. రొట్టె, ద్రాక్షరసం ఆమెను దాటి పక్క మనిషికి వెళ్లేవి. ఒకప్పుడు పంక్తిలో ఆమెను మోచేత్తో పొడిచి నవ్విన ఆడవాళ్లు ఇప్పుడు కొళాయి దగ్గర చూపు తప్పించుకొని బిందె ఎత్తుకునేవాళ్లు. దాంతో వెళ్లడం మానేసింది.

మరుసటి క్రిస్మస్‌కు ఎవరికీ చెప్పకుండా ఉన్న వాటిలో మంచి చీర కట్టుకొని చిత్తూరు బస్సెక్కింది. అక్కడ ఒక పెద్ద చర్చిలో ఆరాధన అయ్యాక పందిట్లో భోజనాలు పెడుతున్నారు. వరసలో ఒక కుర్చీ చూసుకొని కూర్చుంది. బ్యాడ్జీ పెట్టుకున్న ఒకాయన వచ్చి మర్యాదగానే అడిగాడు.

"మీది ఏ సంఘమమ్మా? టోకెన్ ఉందా?"

"మాకు సంఘం లేదు సార్," అని ఆమె లేచి వచ్చేసింది.

బస్టాండు పక్క హోటల్లో ఇడ్లీ చెప్పింది. ప్లేటు తెచ్చింది ఆమె కన్నా పెద్దావిడ, మోకాళ్ల నొప్పితో కాలు ఈడ్చుకుంటూ. "సట్నీ ఎయ్యాల్నా?" అని అడిగింది. కృపారాణి వద్దని తల ఊపి, తిన్న ప్లేటు తనే తీసుకెళ్లి తొట్టిలో వేసింది.

ఇప్పుడు ఏబెల్‌కు చుట్టుపక్కల ఊళ్లలో మంచి పేరుంది. ప్రార్థన కూటాలు జరిగినప్పుడు అతన్ని లేపి, తాగుడు ఎలా మానాడో సాక్ష్యం చెప్పిస్తారు. మొన్న వాళ్ల మందిరంలోనే పెద్ద కూటం జరిగింది. బయటి ఊళ్ల నుంచి వచ్చిన పాస్టర్లకు భోజనం ఏబెల్ ఇంట్లోనే. కృపారాణి లాడ్జికి సెలవు పెట్టి తెల్లవారుజాము నుంచి వంట చేసింది. మైకులో మొగుడి గొంతు వంటింట్లోకి స్పష్టంగా వినబడింది.

"నన్ను దేవుడి కాడికి నడిపించింది నా భార్యే. ఆ భార్యే ఈ పొద్దు దేవునికి దూరమైపోయింది. ఆమె మనసు మారాలని అందరూ ప్రార్థన సెయ్యండి."

జనమంతా ఒక్కసారిగా "ఆమెన్" అన్నారు. కాసేపటికి పాస్టర్లు ఇంటికి వచ్చి చేతులు కడుక్కొని చాపల మీద కూర్చున్నారు. కృపారాణి వాళ్ల ముందు ఆకులు పరిచి, నీళ్లు చల్లి, అన్నం గిన్నె ఎత్తుకుంది.