మూడో రంగంలో గొంతు రాలేదు

బుకిట్ బటోక్‌లో మా ఫ్లాట్ వంటింట్లో నిలబడి "అమ్మా" అని పిలిచాను. ముందు గదిలో ఉన్న అమ్మకు వినపడలేదు. మళ్ళీ పిలిస్తే ఈసారి గాలి మాత్రమే వచ్చింది. కాసేపటికి అమ్మే లేచి వచ్చి, "ఏటే, అలగ నిలబడిపోయేవు?" అంది. గొంతు పట్టేసిందని సైగ చేశాను. ఆవిడ వేణ్ణీళ్ళు పెట్టింది. అప్పటికే నా ఒళ్ళు చల్లబడింది.

అప్పటిదాకా నా బతుకంతా ఆ గొంతు మీదే నడిచింది. మా తాత విశాఖపట్నం వైపు నుంచి సముద్రం దాటి ఈ దీవిలోని నౌకాస్థావరంలో పనికి వచ్చినవాడు. మాకు ఇంట్లో తెలుగు, వీధిలో మలయ్, బడిలో ఇంగ్లీషూ తమిళమూ. తెలుగు నాటకాలు ఆడేవాళ్ళు నాకు దొరకలేదు కనుక తమిళ నాటకాల్లోకి వెళ్ళాను. మైకు మొరాయించినా చివరి వరసకి వినపడే మనిషి అని పేరొచ్చింది. ఆ పేరు విని టీవీ వాళ్ళు పిలిచి గయ్యాళి అత్త వేషాలిచ్చారు. బూన్ లే మార్కెట్లో చేపలమ్మే చైనా ఆవిడ నన్ను చూడగానే, "యూ వెరీ ఫియర్స్ లా!" అని కత్తి కింద పెట్టేసి భయం నటించేది.

నిజానికి భయపడేదాన్ని నేను. ప్రతి నాటకానికీ తెర లేచే ముందు పారిపోవాలనిపించేది. మొదటి మాట నోట్లోంచి వచ్చాక ఆ భయం తగ్గిపోయేది. వంటింట్లో పట్టుకున్న భయం మాత్రం తగ్గలేదు.

అవి కంప్యూటర్ ఉద్యోగాల మీద మనవాళ్ళు విమానాల నిండా దిగుతున్న రోజులు. పొద్దున రైల్లో తెలుగు వినపడితే నేను ఉలిక్కిపడి చూసేదాన్ని. వాళ్ళలో ఒకతను, హైదరాబాదు నుంచి వచ్చిన ఇంజనీరు, తెలుగు నాటకం వెయ్యాలని నన్ను వెతుక్కుంటూ వచ్చాడు. "ఆంటీ, టీవీల మిమ్మల్ని తమిళామె అనుకున్నం. మీరు మనోళ్ళని తెల్వనే తెల్వదు!" అన్నాడు. తల్లి వేషం నాది, కొడుకు అతనే. నాకు అప్పటికి తెలుగు అక్షరాలు రావు. నా మాటలన్నీ అతను క్యాసెట్లో చదివి ఇస్తే, విని బట్టీ పట్టాను. ఆదివారాలు ఆంగ్ మో కియోలో అతను ఉండే బ్లాకు కింది ఖాళీ జాగాలో రిహార్సల్. నేను "ఏటి బాబూ" అంటే మొదట్లో అందరూ నవ్వారు. అతను మాత్రం, "మార్చకండి ఆంటీ, ఆ తల్లి ఇట్లనే మాట్లాడాలె" అన్నాడు.

ఆ నాటకం దగ్గర పడ్డప్పుడే, ఆ రోజు వంటింట్లో, గొంతు పోవడం మొదలైంది. అమ్మకి చెప్పకుండా డాక్టరు దగ్గరికి వెళ్ళాను. ఆయన ముక్కులోంచి సన్నటి గొట్టం దింపి, తెర మీద రెండుసార్లు చూశాడు. 

"చిన్న గడ్డ ఉంది. తీసి పరీక్షకు పంపాలి."

"ఎలాంటి గడ్డ?"

"పరీక్ష అయ్యాకే చెప్పగలను. అందాకా గొంతుకి విశ్రాంతి ఇవ్వండి."

ఆపరేషన్ నాటకం అయ్యాక పెట్టించుకున్నాను. ఎవరికైనా చెబితే అది నిజమైపోతుందని భయం. రిహార్సల్లో గుసగుసగా మాట్లాడుతూ, "అసలు రోజుకి దాచుకుంటున్నా" అని నవ్వేదాన్ని. నవ్వుతున్నప్పుడు కూడా మెడ దగ్గర చెయ్యి పెట్టి తడుముకునేదాన్ని.

నాటకం రోజు బొట్టు రెండుసార్లు చెరిపి పెట్టుకున్నాను. రెండు రంగాలు ఎలాగో గడిచాయి. మూడో రంగంలో, వదిలేసి పోయిన తండ్రి చనిపోయాడని చెప్పి పెంచిన కొడుక్కి, ఆయన బతికే ఉన్నాడని తల్లి చెప్పాలి. నోరు తెరిచాను. ఏమీ రాలేదు. మళ్ళీ ప్రయత్నించాను. ఎదురుగా కొడుకు వేషంలో ఉన్న ఆ ఇంజనీరు మొహం పాలిపోయింది. అతను స్టేజీ ఎక్కడం అదే మొదటిసారి. ఇద్దరం మునిగిపోయామనుకున్నాను.

అతను గబగబా వచ్చి నా కాళ్ళ దగ్గర కూర్చుని రెండు చేతులూ పట్టుకున్నాడు. అతని చేతులూ చల్లగానే ఉన్నాయి.

"నువ్వు చెప్పలేవమ్మా. నేనే అడుగుతా. నాన్న... బతికే ఉన్నడా?"

తల ఊపాను.

"నాకెందుకు చెప్పలే? నేనూ పోతనని భయపడ్డవా?"

నా కళ్ళలో నీళ్ళు ఆగలేదు. నా మాటలన్నీ అతను ఒక్కొక్కటే ప్రశ్నలుగా అడిగాడు, నేను తలతో, కళ్ళతో జవాబు చెప్పాను. తెర పడ్డాక చప్పట్లు. నాటకం అలాగే రాశారనుకున్నారు జనం. నేను తెర వెనక నేల మీద కూలబడ్డాను. ఎవరు దారి చూపారో, ప్రేక్షకుల్లో ఉన్న అమ్మ లోపలికి వచ్చి నా పక్కనే చతికిలబడింది.

"ఎన్నాళ్ళయిందే ఇలగ?"

గాలితో చెప్పగలిగినంత చెప్పాను.

"నాకు చెప్పకపోతే నీకు బయ్యం తగ్గిందేటి?" అని, తన కొంగుతోనే నా మొహాన రంగు తుడిచింది.

గడ్డ ప్రమాదకరమైంది కాదని తేలింది. ఆ మాట డాక్టరు చెప్పినప్పుడు అమ్మ నా చెయ్యి ఎంత గట్టిగా నొక్కిందంటే గాజు చిట్లింది. కానీ ఆపరేషన్ తర్వాత వచ్చిన గొంతు నాది కాదు. బొంగురుగా, చిన్నగా, కాసేపటికే అలిసిపోయేది. టీవీ వాళ్ళు ఒకటి రెండు సార్లు పిలిచి మానేశారు. నటించని రోజుల్లో నేనెవరినో నాకు తెలియలేదు.

అలాంటప్పుడు కళలకు ప్రభుత్వ సాయం చూసే ఆఫీసులో, నాటకం తెలిసిన మనిషి కావాలన్నారు. నలభై దాటాక మొదటిసారి బల్ల వెనక కూర్చున్నాను. స్టేజీ కంటే ఆ మీటింగ్ గది నన్నెక్కువ భయపెట్టింది. అక్కడ చీకట్లో ప్రేక్షకులు లేరు, ట్యూబులైట్ల వెలుతురులో ఇంగ్లీషు మాట్లాడే పెద్దలున్నారు. ఒక చిన్న తెలుగు బృందానికి హాలు ఇప్పించమని అడగాల్సిన రోజు కాగితం చూసి చదవడం మొదలుపెట్టాను.

"కొంచెం గట్టిగా చెప్పండి," అన్నాడు అధ్యక్షుడు.

"నా గొంతు ఇంతేనండీ. మీరే కాస్త దగ్గరికి జరగాలి," అన్నాను.

నోరు జారానేమోనని భయపడ్డాను. కుర్చీలు కదిలాయి. నేను మొదట్నుంచి చెప్పాను, వాళ్ళు విన్నారు, హాలు ఇచ్చారు. 

ఆ ఆఫీసులోనే రిటైరయ్యేదాకా ఉన్నాను. తెలుగు రాయడం నేర్చుకున్నది కూడా ఆ ఏళ్ళలోనే. మేము సాయం చేసిన నాటకాలకు ముందు వరసలో కుర్చీ వేసేవారు. హాయిగా చూసింది ఒక్కటీ లేదు. స్టేజీ మీద ఎవరైనా మాట మధ్యలో ఊపిరి తీసుకోవడానికి ఆగితే చాలు, నా గోళ్ళు కుర్చీ చేతుల్లో దిగేవి. మళ్ళీ వాళ్ళ గొంతు వినపడ్డాకే నేనూ ఊపిరి పీల్చుకునేదాన్ని.