హర్యా పన్నెండో పాట

దయ్యాలున్నాయని ఎవరైనా మొదలుపెడితే దుకాణం మెట్లు దిగమని చెప్పే రకం నేను. ఇప్పటికీ అంతే. ఏడో తరగతితో బడి మానేసి, జనగామలో ఒక ప్రెస్సులో సీసపు అక్షరాలు పేర్చడం నేర్చి, తర్వాత ఏ గురువూ లేకుండా కంప్యూటరు నేర్చుకున్నవాణ్ని. కంటికి కనిపించేది, చేతికి అందేది తప్ప నమ్మను. అందుకే ఈ సంగతి ఇన్నేళ్లు రాయలేదు.

ఉద్యమం ఊపు మీదున్న రోజులు. మహబూబాబాద్‌లో నాకు డీటీపీ దుకాణం ఉండేది. కరపత్రాలు, బ్యానర్లు, పాటల పుస్తకాలు ఊపిరాడనిచ్చేవి కావు. చెల్పూరు ప్లాంటులో పుట్టిన కరెంటు మా దుకాణానికి వచ్చేసరికి చచ్చేది. అదొక్కటే విశ్రాంతి.

నెల్లికుదురు దగ్గరి ఒక తండాలో హర్యా అనే పాటగాడు ఉండేవాడు. ఇంట్లో లంబాడీ, సభలో తెలుగు. తన పాటలు నా దగ్గరే టైపు చేయించాడు. పని అప్పజెప్పేటప్పుడు ఎన్ని పాటలో రిజిస్టరులో రాసి, ‘చూసుకున్నాను’ అని సంతకం పెట్టించడం నా పద్ధతి. పదకొండు పాటలు, కింద హర్యా సంతకం. ఆ రిజిస్టరు ఇప్పటికీ నా దగ్గరుంది.

తర్వాతి వానాకాలంలో జ్వరమొచ్చి హర్యా పోయాడు. ఇల్లు కారి పాటల కాగితాలు ముద్దయ్యాయి. ఏడాది తిరగకముందే వేరే బృందం వాళ్లు ఆ పాటలు తామే కట్టామని వేదికలెక్కి పాడసాగారు.

అప్పుడు అతని భార్య చాంది వచ్చి, నేను హర్యాకు పాటలు ఎక్కించి ఇచ్చిన సీడీ నా బల్ల మీద పెట్టింది.

“అన్నా, ఇండ్ల ఆయన పాటలున్నయట. నువ్వే కొట్టి ఇస్తివి గద. వాళ్లు పాడుకుంటే పాడుకోని, నాకు పరేషాన్ లేదు. కని పేరు ఆయనదుండాలె.”

భూపాలపల్లిలో ఒక లెక్చరర్ ఉద్యమ పాటలకు వెబ్‌సైటు నడిపేవాడు. హర్యా పేరుతోనే పెడతానన్నాడు, కానీ యూనికోడ్‌లో పంపాలన్నాడు. పాత ఫాంట్లలో తెలుగు అక్షరం వెనక ఇంగ్లీషు అక్షరం నక్కి ఉండేది. ఫాంటు పోతే మిగిలేది ఇంగ్లీషు చెత్తే. నా పాత కంప్యూటరుతో పాటు ఆ ఫాంటూ పోయింది. యూనికోడ్‌లో ‘క’ ఏ కంప్యూటరులోనైనా ‘క’నే.

ఆ లెక్చరర్ సైటు చిరునామా కూడా తెలుగు అక్షరాల్లోనే కొన్నాడు. ముచ్చటపడి కొట్టి చూశాను. కొట్టగానే అది ‘ఎక్స్ ఎన్’ అంటూ ఇంగ్లీషు గజిబిజిగా మారిపోయింది. నాకు ఒళ్లు మండింది. సినిమాల్లో మన మాటను నవ్వులాట చేసింది చాలదా, ఇప్పుడు మన అక్షరానికి ముసుగు వేయాలా అని ఫోనులో కడిగేశాను.

“లోపల మిషన్లకు గట్లనే పోవాలె బాపూ. లొల్లి తర్వాత వెడ్దువు గని, ముందు పాటలు పంపు” అన్నాడు.

ఎవరో మంచివాళ్లు రాసి నెట్‌లో ఉచితంగా పెట్టిన లైబ్రరీ ఒకటి దొరికింది. లైబ్రరీ అంటే పుస్తకాల బీరువా కాదు. ఒకరు రాసిన ప్రోగ్రామును ఇంకొకరు తమ పనికి తగిలించుకునే సరంజామా. నా వేళ్లకు గుర్తున్న పాత ఫాంటు పట్టికను దానికి జోడించాను. ఫలానా ఇంగ్లీషు గుర్తుకు ఫలానా తెలుగు అక్షరం. అది ఉన్నదాన్ని మారుస్తుంది, లేనిదాన్ని పుట్టించదు.

మూడు వారాలు పట్టింది. ఒక మధ్యాహ్నం పదకొండు పాటలూ ముత్యాల్లా వచ్చాయి. వాటి కింద ఇంకో పదహారు లైన్లు. తెలుగు అక్షరాలే, కానీ ఒక్క మాటకూ అర్థం లేదు. పట్టిక తప్పిందనుకొని రెండు రోజులు మార్చి మార్చి నడిపాను. పై పాటలు చెడుతున్నాయి తప్ప ఆ పదహారు లైన్లు కదల్లేదు.

మూడో రోజు చాంది వచ్చింది. “అయినయా అన్నా?”

“అయినయి గని చెల్లె, కింద గింత చెత్త వడ్డది. ఇను” అని విసుగ్గా చదివాను.

రెండో లైనుకు చేయి నోటికి అడ్డం పెట్టుకుంది. నాలుగో లైనుకు పగలబడి నవ్వింది. భర్త పోయాక ఆమె నవ్వగా చూడటం అదే మొదటిసారి. ఐదో లైను నేను చదవకముందే తనే పాడింది. చివరిదాకా పాడింది. నేను తెర మీద వేలు పెట్టి చూస్తూనే ఉన్నాను. ఒక్క అక్షరం తేడా లేదు.

“మా లంబాడీ పాట అన్నా. నన్నే ఎక్కిరించిండు. సద్ది తెస్త తెస్త ఒర్రె నీళ్లల్ల జారి పడ్డ. చెప్పు కొట్టుకపోయింది గని గిన్నె మీదికే వట్టిన. రొట్టె తడవలే, నా చాంది తడిసింది అని గట్టిండు. నాకొక్కదానికే పాడిండు.”

“ఎవలకన్న చెప్పినవా?”

“గిది చెప్పుకుంటరా? ఇజ్జత్ పోదా?”

నాకు లంబాడీ ఒక్క ముక్క రాదు. పన్నెండూ పంపమంటావా అని అడిగాను.

“పదకొండే పంపు. వాళ్లు గుంజుకున్నయి గవే. గిది గుంజుకునేటోడు ఇంక పుట్టలే.”

ఆ పాట ఒక్కటి ప్రింటు తీసిస్తే మడిచి పట్టుకుపోయింది. మిగతావి హర్యా పేరుతో సైటులో వచ్చాయి. ఘనపూర్ సభలో అదే బృందం “హర్యా కట్టిన పాట” అని చెప్పి పాడటం నా చెవులతో విన్నాను. ముందు వరుసలో చాంది చప్పట్లు కొట్టలేదు. తల మాత్రం ఆడించింది.

ఆ తర్వాత అదే సీడీని అదే పట్టికతో మళ్లీ నడిపాను. పదకొండే. లెక్చరరూ సీడీ మూలమూలలా వెతికాడు. పదకొండే. ఆ మధ్యాహ్నం నేను దాచుకున్న ఫైలులో మాత్రం పన్నెండు ఉన్నాయి.

“నువ్వే కొట్టి మర్చిపోయినవు బాపూ” అంటాడు. రాని భాషలో పదహారు లైన్లు ఎట్లా కొడతాను? చాందికి చదవడం రాదు. దుకాణంలో నేను తప్ప ఎవరూ పని చేయలేదు. ఎన్నిసార్లు ఆలోచించినా నాకు అంతుపట్టలేదు, ఈ వయసులో ఇక పడుతుందన్న ఆశా లేదు.

హర్యానే వచ్చి పోయాడంటారు తండావాళ్లు. నేను ఒప్పుకోను. కీబోర్డు ఎన్నడూ ముట్టనివాడు. ఆ లైబ్రరీని లొంగదీయడానికి నాకే మూడు వారాలు పట్టింది.