అధ్యక్షా, ఒక అభ్యంతరం!

మా బాబాయికి ఒకటే జబ్బు. ఎక్కడైనా నిబంధన తప్పితే చాలు, ఆయన కాళ్లు ఆయన మాట వినవు. వాటంతట అవే లేచి నిలబడతాయి. "అధ్యక్షా, ఒక అభ్యంతరం!" అన్నాకే మళ్లీ కూర్చుంటాయి. శాసనసభలో సొంత పార్టీవాళ్లు కూడా ఆయన్ని అభ్యంతరం బాబాయి అనే పిలుస్తారు. చుట్టరికం లేకపోయినా నాకూ బాబాయే. నేను నర్సుని. కొత్తగా గెలిచి వెళితే ఆయన పక్క సీటు ఇచ్చారు. అంతకుముందు ఆ సీట్లో ఎవరూ నిలవలేదట.

ఒకసారి సెలూన్ అతను సగం గడ్డం గీసి ఫోన్ ఎత్తాడు. గొంతు దగ్గర కత్తి ఉండగానే బాబాయి లేచారు.

"చేపట్టిన అంశం ముగియకుండా మరో అంశం ఎత్తుకోకూడదు!"

"కూర్చోండి సార్. లేకపోతే అంశంతో పాటు చెవి కూడా ముగిసిపోతుంది."

ఇంట్లో అధ్యక్షస్థానం మా పిన్నిది. నేను భోజనానికి వెళ్లిన రోజు కూరలో ఉప్పు లేదు.

"అధ్యక్షా, కూరపై వివరణ కావాలి."

"ఉప్పు డబ్బా ఎదురుగానే ఉంది."

"ఇది వివరణ కాదు, దాటవేత!"

"సభ్యుడు నోరు మూసుకుని తినకపోతే కంచం తీసేస్తాను."

కిక్కురుమనకుండా తిన్నారు. అధ్యక్షుల నిర్ణయానికి తిరుగులేదన్నది కూడా నిబంధనే కదా.

నా చేతిలో ఎప్పుడూ నిబంధనల పుస్తకం పెట్టేవారు. "ఇదెందుకు బాబాయ్? నేను వంతెన కోసం వచ్చాను" అంటే, "వంతెనకి దారి ఇందులోంచే అమ్మాయ్" అనేవారు. నేను మొహమాటానికి నాలుగు పేజీలు తిప్పి పక్కన పడేసేదాన్ని.

మా వాగు మీద వంతెన లేదు. వానలు పడితే నొప్పులు పడుతున్న తల్లులు పడవ కోసం ఒడ్డున పడిగాపులు కాయాలి. ఒక కాన్పు నేను పడవలోనే చేశాను. నేను సభలో మొదటిసారి మాట్లాడాల్సిన రోజు సాయంత్రమే రోడ్ల పద్దు మీద ఓటింగు. ఈలోగా వంతెన మాట ఎత్తకపోతే మళ్లీ ఏడాది ఆగాల్సిందే. నాకు దొరికింది ఐదు నిమిషాలు.

లేచాను. "అధ్యక్షా" అన్నాను. అంతే, తర్వాతి మాట కోసం చేతిలోకి చూశాను. కాగితం మీద అక్షరాలు అలుక్కుపోయాయి. "సూదిమందు వేసుకోమ్మా!" అని ఎదుటి బల్లల నుంచి ఎవరో అరిచారు. సభంతా ఒకటే నవ్వు.

పక్కన కుర్చీ కిర్రుమంది.

"అధ్యక్షా, ఒక అభ్యంతరం!"

మూలిగే నక్క మీద తాటిపండు పడ్డట్టయింది. నాకు ఒళ్లు మండిపోయింది.

"సభ్యురాలు మాట్లాడుతుంటే రోడ్ల మంత్రిగారు వెనక్కి తిరిగి కబుర్లు చెబుతున్నారు!"

మంత్రిగారు ఉలిక్కిపడి ఇటు తిరిగారు.

"ఇంకొకటి. వెనక బల్లల్లో ఎవరో నములుతున్నారు. సభలో నమలకూడదు!"

"ఎవరూ నమలడం లేదు!" అన్నాడొకాయన నోటినిండా పెట్టుకుని.

సభ గొల్లుమంది. నన్ను చూసి నవ్వినవాళ్లంతా ఇప్పుడు ఆయన మీద పడ్డారు. "ముసలాయన్ని బయటికి పంపండి!" అని కేకలు. బాబాయి కొండలా నిలబడి, ఎడమచేత్తో ఎవరికీ కనబడకుండా మంచినీళ్ల గ్లాసు నావైపు జరిపారు.

"తాగు. కాగితం చూడకు. పడవ సంగతి చెప్పు."

"నా టైమంతా మీరే తినేశారు కదా బాబాయ్!"

"అభ్యంతరానికి పట్టిన టైము నీ టైములోంచి తీయరు. అందుకే పుస్తకం చదవమన్నది."

ఆయన కూర్చున్నారు. నేను పడవ సంగతి చెప్పాను. ఎవరూ నవ్వలేదు. మంత్రిగారు అప్పటికే నావైపు తిరిగి ఉన్నారు కాబట్టి మొత్తం వినక తప్పలేదు. జవాబు చెబుతూ వంతెనని పద్దులో చేర్చారు. ఇప్పుడు దాని మీద అంబులెన్సు తిరుగుతోంది.

ఆ రోజు బయటికి వస్తూ అడిగాను. "కొత్తవాళ్లందరికీ ఇలాగే చేస్తారా బాబాయ్?"

"ప్రశ్నకి ముందుగా నోటీసు ఇవ్వాలి" అని గబగబా నడిచి వెళ్లిపోయారు. అంత మంచి మనిషిని అన్నాళ్లూ చాదస్తుడు అనుకున్నానే అని నా కళ్లు చెమర్చాయి.

ఇప్పుడు ఆయన కాళ్లు నిజంగానే మాట వినడం లేదు. నిన్న కొత్తగా గెలిచిన రైతు ఒకాయన "అధ్యక్షా" అని ఆగిపోయాడు. నవ్వులు మొదలయ్యాయి. బాబాయి లేవబోయి, మోకాలు పట్టుకుని నావైపు చూశారు. నేను లేచాను.

"అధ్యక్షా, ఒక అభ్యంతరం!"

"ఏమిటది?" అన్నారు స్పీకర్.

అది మాత్రం ఆలోచించుకోలేదు. నోటికొచ్చింది అనేశాను.

"ఇక్కడ ఎవరో నములుతున్నారు అధ్యక్షా!"

సభంతా వెతికింది. దొరికింది బాబాయే, బుగ్గలో దగ్గుబిళ్లతో. ఆ గోలలో రైతు నింపాదిగా నీళ్లు తాగాడు.