అక్క ముక్కుకి పాత గుంటూరు

ముందే చెప్పేస్తున్నాను. ఉన్నది ఉన్నట్టు చెప్పడం నాకు చేతకాదు. చీమ కుట్టిందని చెప్పబోయి తేలు దాకా వెళ్ళిపోతాను. వినేవాళ్ళ మొహాలు చూసి వెనక్కి తగ్గి కందిరీగ దగ్గర ఆగుతాను. మా ఆవిడ నేను చెప్పే ప్రతి సంగతినీ నాలుగుతో భాగించి నమ్ముతుంది. ఈ రాతలో ఎండ గానీ, తుమ్ములు గానీ, మా అక్క ప్రతాపం గానీ మరీ ఎక్కువగా కనపడితే మీరూ మీకు తోచిన అంకెతో భాగించుకోండి. పూర్తిగా కల్పించింది ఏదో చివర్లో నేనే ఒప్పుకుంటాను.

మా అక్క పొన్నూరులో ఉంటుంది. మిషను బళ్ళో పిల్లలకి చదువు చెప్పి రిటైరయింది. ఆమె చదువు చెప్పిన పిల్లలు ఆమెను మర్చిపోయి ఉండొచ్చు గానీ, ఆమె ఆవకాయ తిన్నవాళ్ళెవరూ మర్చిపోలేదు. వేసవిలో ఆమె జాడీ మూత తీస్తే నిడుబ్రోలు స్టేషన్లో రైలు కూత వేయడం మానేసి ఆగిపోయేది. చర్చిలో పాస్టరుగారు ప్రసంగం మధ్యలో ఆగి గుటక మింగేవారు. అంతా ఆమె ముక్కు గొప్ప. కొలతలు లేవు, గరిటెలు లేవు. ఆవపిండి వాసన చూసి "ఇంకో గుప్పెడు" అనేది, నూనె వాసన చూసి "ఇది వద్దు, వెనక్కిచ్చి రా" అనేది.

కరోనా వచ్చి అందరి దగ్గరా ఏదో ఒకటి పట్టుకుపోయింది. మా అక్క దగ్గర వాసన పట్టుకుపోయింది. జ్వరం తగ్గింది, దగ్గు తగ్గింది, ముక్కు మాత్రం మొహం మీద అలంకారంగా మిగిలిపోయింది. డాక్టర్లు వస్తుందన్నారు. ఏళ్ళు గడిచినా రాలేదు.

అయినా ఆమె ఆవకాయ మానలేదు. అలవాటు మీద కలిపేస్తూ వచ్చింది. కిందటేడు నూనె పాతది పడింది. ఆమెకి తెలియలేదు, మాకు మొదటి ముద్దలోనే తెలిసింది. అయితే బంధుబలగమంతా మాట్లాడుకున్నట్టుగా ఒకే మాట అన్నాం: బ్రహ్మాండం. అందరిలోకీ గట్టిగా అన్నది నేనే. ఫోన్ చేసి మరీ పొగిడాను. ఆ జాడీ నాకని తెలిసి మేముండే ఒంగోలంతా నామీద ఏడుస్తోందని చెప్పాను.

వానాకాలంలో అక్క మా ఇంటికి వచ్చింది. వంటింట్లోకి వెళ్ళి తన జాడీ మూత తీసింది. పైన నూనె అద్దంలా నిలిచి ఉంది. గరిటె పెట్టిన గుర్తు లేదు.

మూత పెట్టింది. గుడ్డ కట్టింది. అన్నం తింటూ మా ఆవిడతో అంది: "నా జాడీలు నువ్వు తీసేసుకో మరదలా. నేనింక పెట్టను."

మా ఆవిడ కన్ను ఆ జాడీల మీద పెళ్ళయినప్పటి నుంచీ ఉంది. ఆ రోజు మాత్రం వద్దని తల అడ్డంగా ఊపింది. అది చూసి నాకు భయమేసింది. మా ఆవిడే వద్దందంటే పరిస్థితి ఎంత దాకా వచ్చిందో మీరే ఆలోచించండి.

ఈ ఏడు మామిడికాయ దిగే ముందు అక్క ఫోన్ చేసి, వచ్చి జాడీలు పట్టుకుపొమ్మంది. అదే వారంలో నా సెల్లులో ఒక ప్రకటన కనపడింది. పాత గుంటూరు పేటల్లో నడక, మీకూ మీవాళ్ళకీ మాత్రమే, వెంట గైడు. కనిగిరి పక్క పల్లెలో పుట్టిన మాకు గుంటూరే మొదటి మహానగరం. అక్క టీచరు ట్రైనింగు అక్కడే, కొత్తపేట హాస్టల్లో ఉండి చదివింది. రోజూ రకరకాల వాసనలు చూపిస్తూ ఉంటే ముక్కు ఒక్కోసారి మేలుకుంటుందని డాక్టరు అన్న మాట గుర్తొచ్చింది. గుంటూరు కన్నా రకరకాల వాసనలున్న ఊరు భూమండలంలో ఎక్కడుంది? జాడీలు తర్వాత చూద్దాం, ముందు ఊరు చూద్దాం రమ్మన్నాను.

"గుంటూరుకి గైడేంట్రా? నవ్విపోతారు."

"ప్రైవేటు టూరు అక్కా. తెల్లదొరలు చేసేది."

"ఏడిశావులే. ఎన్నింటికి?"

పొద్దున్నే పాత గుంటూరు శివాలయం దగ్గర దిగాం. సూర్యుడు ఇంకా పూర్తిగా రాలేదు గానీ ఎండ ముందే వచ్చి అరుగు మీద కూర్చుంది. గైడుగారు గొడుగు వేసుకుని నిలబడ్డారు. పెద్దాయన, పాత గుంటూరు ముస్లిం కుటుంబం, కోర్టులో గుమాస్తాగా చేసి రిటైరయ్యారు. తెల్ల చొక్కా, జేబులో పెన్ను.

నేను ఊరుకోలేక, "ఈ గుడి ఎప్పటిదండీ? ఎంత లేదన్నా రెండు వేల ఏళ్ళుంటుంది కదా?" అన్నాను.

"తెలియదండి," అన్నారాయన.

"సుమారుగా?"

"సుమారుగా కూడా తెలియదండి. చాలా పాతదంటారు. నేను చూడలేదు. మీరు చూశారా?"

మా అక్క కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

అదండీ మా గైడు. ఉద్యోగమంతా కోర్టు హాల్లో కూర్చుని దొంగ సాక్ష్యాలు విని విని, తను చూడని సంగతి నోట్లోంచి రానివ్వకూడదని ఒట్టు పెట్టుకున్న మనిషి. ప్రపంచంలో గైడులందరూ తెలియనిది కూడా చెప్పి బతుకుతారు. ఈయన తెలిసినదానికి కూడా సాక్షి కావాలంటారు. లాలాపేటలో ఒక పాత మేడ చూపించి, "ఇది ఎవరు కట్టారో నాలుగు రకాలుగా చెబుతారండి. నాలుగూ నమ్మకండి," అన్నారు. దాని గుమ్మం దగ్గర నల్లరాయి మెట్టు చూపించి, "ఇది మాత్రం ఖాయం. చీమకుర్తి రాయి. మొన్న సంక్రాంతి ముందు వేశారు, నేనే చూశాను," అన్నారు.

నా పని నాకుంది. ప్రతి మలుపులో అక్క చెయ్యి పట్టుకుని ఆపి, వాసన వస్తోందా అని అడిగేవాణ్ణి. రాలేదంటే వర్ణించేవాణ్ణి.

"ఏం వాసనరా ఇక్కడ?" అంది ఒక దుకాణం ముందు.

"అబ్బ! దేవేంద్రుడి వంటిల్లు అక్కా. యాలకులు, కుంకుమపువ్వు, నేతి బొట్లు, ఆ పైన..."

అక్క మొహం ముడుచుకుంది. గైడుగారి వైపు తిరిగింది. "మీరు చెప్పండి. ఏం వాసనండీ?"

ఆయన గొడుగు దించి, ఒక్కసారి గాలి పీల్చి, చూసిందే చెబుతున్నట్టు చెప్పారు: "తడిసిన గోనెసంచులమ్మా. పాత మినుములు. కింద కాలవ ఉంది, దాని కంపు. ఎవరో కాఫీ కాచుకుంటున్నారు, పాలు కాస్త మాడాయి."

అక్క కళ్ళు మూసుకుంది. "ఆ," అంది. "ఇప్పుడు తెలుస్తోంది."

"నేను చెబితే తెలియలేదా?" అన్నాను.

"నువ్వు చెబితే నువ్వు తెలుస్తావురా. ఊరు తెలియదు."

పక్కనున్న ఆటోవాడు కూడా తలూపాడు. ఆటోవాడికెందుకో నాకు అర్థం కాలేదు.

అక్కడి నుంచి టూరు తిరగబడింది. గైడుగారు కట్టడాలు చూపించడం మానేశారు. ఆగిన చోటల్లా ఆయన వాసన చెప్పేవారు, అక్క వినేది. కొత్తపేట చేరేసరికి అక్కే ముందు నడవడం మొదలెట్టింది. ఆమె చదువుకున్నప్పటి హాస్టలు లేదు, ఆసుపత్రి లేచింది. అయినా సందులోకి తిరిగి చెయ్యి చాపింది.

"ఇక్కడ కాఫీ గింజలు వేయించేవాళ్ళండీ. ఆ మూల ప్రింటింగు ప్రెస్సు, సిరా వాసన. పరీక్షలప్పుడు ఆ వాసన తగిలితే చదివిందంతా మర్చిపోయేదాన్ని. ఆ ఇంట్లో రోజూ సాయంత్రం ఎండుచేపలు కాల్చేవాళ్ళు. మేం హాస్టల్లో చారు తింటూ ఏడ్చేవాళ్ళం."

గైడుగారు శ్రద్ధగా విన్నారు. "ఇవేవీ నాకు తెలియదమ్మా. మీరు స్వయంగా చూశారా?"

"వాసన చూశాను."

"అయితే సాక్ష్యం చెల్లుతుంది. ఇకమీద వచ్చేవాళ్ళకి చెబుతాను, ఒక అమ్మగారు చెప్పారని."

మా అక్క నడక మారిపోయింది. పంతులమ్మ నడక, వరండాలో బెత్తంతో నడిచే నడక, మళ్ళీ వచ్చింది.

పట్నంబజారులో అత్తరు దుకాణం దగ్గర ఆగాం. దుకాణదారు గైడుగారికి దూరపు చుట్టం. అక్క మణికట్టు మీద మల్లె అత్తరు రాశాడు. ఆ సీసా మూత తీస్తే నలభై పెళ్ళిళ్ళు ఒకేసారి జరుగుతున్నట్టుంది. అక్క చేతిని ముక్కు దగ్గర పెట్టుకుంది. ఒక క్షణం ఏమీ లేదు. తర్వాత ఆమె కళ్ళు పెద్దవయ్యాయి.

"మల్లెపూలురా," అంది. "వచ్చింది... పోయింది."

నేను గట్టిగా అరిచాను. దుకాణదారు సీసా వదిలేశాడు. అక్క మాత్రం చెయ్యి దించి, నెమ్మదిగా కొంగుతో తుడుచుకుంది.

తర్వాత కారం మిషను ఉన్న సందు. తొడిమలు తీసిన మిరపకాయలు బస్తాల్లో వరసగా ఉన్నాయి. గింజలు రోడ్డు మీద బంగారంలా రాలి ఉన్నాయి. మిషను తిరుగుతోంది. సందులోకి అడుగు పెట్టగానే నేను తుమ్మడం మొదలెట్టి, తుమ్ముతూనే అవతలి పేట దాకా వెళ్ళాను. నా తుమ్ములకి మేడ మీద పావురాలు లేచిపోయాయి. గైడుగారు గొడుగు మొహానికి అడ్డం పెట్టుకుని తుమ్మారు. అక్కా తుమ్మింది. నాకు ప్రాణం లేచొచ్చింది.

"వచ్చిందా అక్కా?"

"మంట వచ్చిందిరా. వాసన రాలేదు."

గైడుగారి వైపు చూశాను, ఒక్క మంచి మాట అంటారేమోనని. ఆయన కళ్ళు తుడుచుకుంటూ, "తుమ్ము వేరమ్మా, వాసన వేరు. ముక్కు బాగయిందని చెప్పడానికి ఇది చాలదు," అన్నారు. ఆయన్ని తిట్టాలనిపించింది. అక్కకి మాత్రం ఆ మాటలో ఏం దొరికిందో గానీ, ఆయన వైపు చాలా గౌరవంగా చూసింది.

సందు చివర పప్పునూనె గానుగ కొట్టు. నడక అయిపోయింది, ఆటో పిలుద్దామనుకుంటున్నాను. అక్క తిన్నగా కొట్టులోకి వెళ్ళింది. నూనె చూపించమంది. అరచేతిలో పోయించుకుంది. రెండు వేళ్ళతో రాసి చూసింది, నాలిక మీద పెట్టుకుంది. ఆ తర్వాత, ఎన్నో ఏళ్ళ అలవాటు కొద్దీ, ముక్కు దగ్గరికి తీసుకుపోయి సగంలో ఆగింది.

గైడుగారు ఒక అడుగు ముందుకు వేశారు. అక్క ఆయన్ని చూడలేదు. చెయ్యి నా మొహం ముందు పెట్టింది.

"చెప్పరా."

కొట్టువాడు నవ్వుతూ చూస్తున్నాడు. "నిన్న ఆడిందండి, ఫ్రెష్షు," అన్నాడు.

ఆ క్షణంలో నా నోట్లో ఎన్ని మాటలు తయారయ్యాయో మీకు చెప్పలేను. స్వర్గం, అమృతం, నువ్వుల చేను మీద వెన్నెల. అన్నీ వరసగా నిలబడ్డాయి. నూనె వేళ్ళ సందుల్లోంచి కారి మోచేతి దాకా వస్తోంది.

"పాత నూనె వాసనక్కా," అన్నాను. "కిందటేడుది ఇలాగే ఉంది."

కొట్టువాడి నవ్వు ఆరిపోయింది. గైడుగారు తల ఒక్కసారి ఆడించారు.

అక్క చెయ్యి తుడుచుకుంది. "వేరే డబ్బా తీయవయ్యా," అంది కొట్టువాడితో. ఇంకో డబ్బా తీశాడు. అది కూడా నా ముక్కు ముందుకొచ్చింది. ఇది బాగుందన్నాను. "బాగుందంటే ఎలా బాగుంది?" అంది. "వేయించిన నువ్వుల వాసన. ఇంకేం లేదు," అన్నాను. ఇంత చిన్న వాక్యం నా జీవితంలో నేను మాట్లాడలేదు.

తిరిగొచ్చేటప్పుడు ఆటోలో నూనె డబ్బా ఆమె ఒళ్ళో ఉంది. మూత బిగించి చూసుకుని అంది: "మీ ఆవిడకి చెప్పు. జాడీలు ఇవ్వడం లేదని."

మామిడికాయ దిగాక పొన్నూరు వెళ్ళాను. మెంతులు దోరగా వేయించి పొడి కొట్టి కలపడం మా ఇంటి పద్ధతి. అక్క పొయ్యి దగ్గర గరిటె పట్టుకుని నిలబడింది, నేను మూకుడు మీద వంగి నిలబడ్డాను. "ఇప్పుడా?" అంది. "ఇంకా లేదు." "ఇప్పుడు?" "ఉండు." "ఒరేయ్, ఇప్పుడు?" "ఆ, దించు."

జాడీ తెరిచిన రోజు ఫోన్ చేశాను.

"మెంతులు కాస్త మాడాయక్కా. నేను చెప్పడం ఆలస్యమైంది."

"కాస్తంటే? నీ కాస్తా, ఊళ్ళోవాళ్ళ కాస్తా?"

"ఊళ్ళోవాళ్ళ కాస్తే."

"సరే. వచ్చే ఏడు ముందే చెప్పు," అంది. పెట్టేస్తూ, "తింటున్నారా మరి?" అంది. సగం జాడీ అయిపోయిందన్నాను. నమ్మలేదు. వీడియో కాల్ చేయించుకుని జాడీ లోపల చూసింది.

ఇక నేనిచ్చిన మాట. రైలు ఆగడం, పావురాలు లేవడం, నలభై పెళ్ళిళ్ళు, ఇవన్నీ మీరు ఈపాటికి భాగించుకునే ఉంటారు. వాటి మూలంలో ఎంతో కొంత నిజం ఉంది. పూర్తిగా కల్పించింది ఒక్కటే. పట్నంబజారులో అక్కకి మల్లెపూల వాసన రాలేదు. చేతిని చాలాసేపు ముక్కు దగ్గర పెట్టుకుంది. దుకాణదారు, గైడుగారు, నేను, ముగ్గురం ఊపిరి బిగబట్టి చూస్తున్నాం. కళ్ళు పెద్దవి కాలేదు. చెయ్యి దించి, కొంగుతో తుడుచుకుని, "రాలేదురా, పద," అంది. అంతే. ఈ మాటల్ని మాత్రం దేనితోనూ భాగించకండి.