మిగిలిపోయిన నవ్వు

స్వామి తాతకు కరాటే తప్ప మరో విద్య రాదు. అందులోనూ పడిపోవడమే బాగా వచ్చు. మెదక్ కోట మెట్ల దగ్గర పిల్లలకు తన్నులు నేర్పుకునే మనిషిని తొంభైల్లో హైదరాబాదు సినిమావాళ్లు పట్టుకుపోయారు. వీడియో షాపుల్లో కరాటే క్యాసెట్లకు కొట్టుకునే రోజులవి. ఆ చవక సినిమాల్లో హీరో కాలు లేపితే చాలు, తగలకముందే తాత ఎగిరి అట్టపెట్టెల మీద పడేవాడు. భార్య కిష్టవ్వ తెర మీద ఆయన్ను ముఖం చూసి కాదు, వీపు చూసి గుర్తుపట్టేది.

చివరికి ముఖం కనిపించే వేషం దొరికింది: హీరో అన్న. అరగంటలోనే చచ్చిపోతాడు. పాడె మీద పడుకోబెట్టి, ముక్కులో దూది పెట్టి, బంతిపూల దండ వేశారు. శవం వేషం కట్టినవాణ్ని లేపాక కెమెరా ముందు నవ్వించడం అక్కడి ఆనవాయితీ. నవ్వు రీలుకెక్కితే చావు అంటుకోదని నమ్మకం. ఆ రోజు రీలు అయిపోయింది.

"నవ్వు రేపు తీద్దాం, లేవయ్యా" అన్నాడు డైరెక్టరు.

మర్నాడు నిర్మాతే పత్తా లేడు. సినిమా ఆగిపోయింది.

తాత మెదక్ వచ్చేశాడు గానీ, ఎక్కడో ఒక రేకు డబ్బాలో తాను ఇంకా పాడె మీదే ఉన్నాననే భయం ఆయన్ను వదల్లేదు. పొద్దున లేవగానే ముక్కు తడుముకునేవాడు. ఆయన బాధ పడలేక కిష్టవ్వ బతుకమ్మను పక్కింట్లో పేర్చుకునేది, బంతిపూలు గడప దాటకూడదు మరి.

తెలంగాణ కోసం సకల జనుల సమ్మె నడుస్తున్నప్పుడు, రాందాస్ చౌరస్తాలో కుర్రాళ్లు సర్కారు శవయాత్ర పెట్టుకున్నారు. దిష్టిబొమ్మను పోలీసులు ఎత్తుకుపోయారు. పాత శిష్యుడు రత్నాకర్ ఉరికొచ్చాడు.

"మాస్టరూ, జర పాడె మీద పండుండ్రి. మీ లెక్క ఊపిరి బిగవట్టెటోడు మెదక్‌ల ఇంకొకడు లేడు."

"ఒక్కపారి సచ్చినందుకే సగం మనిషైండు. మళ్ల సంపుతర్రా?" అని కిష్టవ్వ చీపురందుకుంది.

తాత ఆలోచన వేరే ఉంది. "టీవీ కెమెరా వస్తదా?"

"కెమెరా పేతురు వస్తుండు."

"అయితే పండుకుంట. లేసినంక నా నవ్వు తియ్యాలె. తియ్యకుంటే లెవ్వ, ముందే చెప్తున్న."

డప్పుల మధ్య ఊరంతా తాతను మోసింది. కెమెరా పేతురు మాట తప్పలేదు. తాత పాడె మీద లేచి కూర్చుని, దండ తీసి పారేసి, ఊడిన పన్ను సందుతో సహా నవ్వాడు. ఇంటికొచ్చి మారు అన్నం పెట్టించుకున్నాడు.

సాయంత్రం వార్తల్లో చూపించారు. పాడె, దండ, మూసిన కళ్లు. వెంటనే సిమెంటు ప్రకటన.

"నవ్వేది?" అన్నాడు తాత.

"వస్తదేమో, ఆగు."

మళ్లీ వార్తలొచ్చాయి. మళ్లీ పాడె, దండ, మూసిన కళ్లు. కిష్టవ్వ లేచి టీవీ కట్టేసింది.

అంతలో వాకిట్లో ఆటో ఆగింది. కౌడిపల్లిలో ఉండే చెల్లెలు యాదలక్ష్మి, కొంగు నోట్లో కుక్కుకుని దిగింది. తాత ఎదురెళ్లాడు.

"యాదమ్మా, నేనేనే. మంచిగనే ఉన్న."

ఆమె గడప దాటలేదు. "టీవీల చూసిన్నే అన్నా... నిన్ను దండేసి తీస్కపోతుండ్రు..."

నమ్మించడానికి తాతకు ఒకటే దారి తోచింది. నవ్వాడు.

యాదలక్ష్మి రెండడుగులు వెనక్కి వేసి ఆటోవాడి చెయ్యి పట్టుకుంది.