చెల్లెలు నాలా కూర్చున్న గది

ప్రదర్శన గదిలో అడుగుపెట్టేసరికి కుట్టు మిషన్ ముందు నేనే కూర్చుని ఉన్నాను.

అదే కళ్లజోడు. నెల రోజులుగా నేను ఇల్లంతా వెతుకుతున్న బూడిదరంగు స్వెట్టర్. పెదాల మధ్య నాలుగు గుండుసూదులు. వెనక గోడకు రెండు పెద్ద వీడియో తెరలు, వాటిలోనూ నేనే. చుట్టూ పాతికమంది కూర్చున్న నన్ను కళ్లప్పగించి చూస్తున్నారు, గుమ్మంలో నిలబడ్డ నన్ను కాదు.

కూర్చున్నది మా చెల్లెలు. ఇంట్లో దాన్ని కోతి అంటాం. ఆరేళ్లప్పుడే నాన్నలా దగ్గితే అమ్మ మందు సీసా పట్టుకుని పరిగెత్తుకొచ్చేది. మేనత్త నడక నడిచి ఆవిడ చేతిలోనే దెబ్బలు తింది. బొమ్మలు వేసుకుంటుందిలే అని కళల కాలేజీలో చేర్పిస్తే బొమ్మ ఒక్కటీ వేయలేదు. ఒకసారి నెల్లాళ్లు బస్సు కండక్టరులా బతికింది. అదంతా వీడియో తీసి, ఇలాంటి గదిలోనే బస్సు సీట్లు అమర్చి, జనం ముందు తనే కండక్టరై నిలబడింది.

"ఇంకొకళ్లలా ఉంటేగానీ నేనెవరో నాకు తెలియదక్కా" అనేది.

"తెలుసుకుని ఏం చేస్తావు? ఇలా వచ్చి గుండీలు కుట్టు" అనేదాన్ని.

పోయినేడు నిజంగానే వచ్చింది. పాత బట్టలు సరిచేసే నా కొట్లో, మూల స్టూలు మీద, కెమెరా పెట్టుకుని మూడు నెలలు కూర్చుంది. అక్కంటే ఎంత ప్రేమో అని మురిసిపోయాను. ఇదిగో, ఆ ప్రేమ ఇలా తేలింది.

దాని పనికో నియమం ఉంది. తలుపులు మూసే వేళదాకా వేషం వదలదు. ఆ వేషానికి అసలు మనిషే ఎదురుగా వస్తే, ఆ మనిషి ఏం చేస్తే అది చేస్తుంది, ఏమంటే అదంటుంది. అసలు కండక్టరు వచ్చి తిడితే ఆ తిట్లే పొల్లు పోకుండా తిరిగి అప్పజెప్పిందట. అప్పుడు విని పడీపడీ నవ్వాను.

ఇప్పుడు మాత్రం ఒళ్లు మండింది. సూదిలో దారం ఎక్కించడానికి అది గింజను చూసే కోడిలా తల బాగా కుడికి తిప్పి, సూదిని ఎడమ కంటి దగ్గరకు తెచ్చుకుంటోంది. కుడి పక్కనే ఉన్న కత్తెర కోసం బల్లంతా తడుముతోంది. జనం ముసిముసిగా నవ్వుతున్నారు.

"నేనెప్పుడు చేశానే అలాగ?" అన్నాను గట్టిగానే.

"నేనెప్పుడు చేశానే అలాగ?" అంది అది, సూదుల సందులోంచి, నా గొంతుతో. ఈసారి అందరూ పైకే నవ్వారు.

దాని అబద్ధం బయటపెడదామని తెరల వైపు చూశాను. వాటిలో ఉన్నది వేషం కాదు, నిజంగా నేనే. మొదటిది చెల్లెలు కాలేజీలో ఉండగా తీసింది, ఎనిమిదేళ్ల కిందటిది. నా తల నిటారుగా ఉంది, దారం ఒక్క పోటుకే ఎక్కింది. రెండోది పోయినేటిది. తల కుడికి తిరిగి ఉంది. నా చేయి కత్తెర కోసం తడుముతోంది.

అది తన సొంతంగా ఏమీ కలపలేదు. పోయిన నెల ప్యాంటు ఒక కాలు పొట్టిగా వచ్చిందని ఒకాయన గొడవపడితే, మీ కాళ్లే సమానంగా లేవని దబాయించి పంపాను. ఇప్పుడు ఆ మనిషి మొహం గుర్తొచ్చింది.

అరచేత్తో ఎడమ కన్ను మూసుకున్నాను. గది పోయింది. తెరలు, జనం, మిషన్ అన్నీ పోయి మురికి తెలుపు మిగిలింది. చేయి తీస్తే అన్నీ వచ్చాయి. మళ్లీ మూస్తే మళ్లీ పోయాయి. ఇరవై రెండేళ్లుగా సూదితోనే బతుకుతున్నాను. నాకు వేరే పని రాదు.

"చెల్లీ, కుడి కంటికి ఏమీ కనపడటం లేదే" అన్నాను చేయి దించి.

అదీ అరచేత్తో ఎడమ కన్ను మూసుకుంది, తీసింది, మళ్లీ మూసుకుంది. "చెల్లీ, కుడి కంటికి ఏమీ కనపడటం లేదే" అంది, నా గొంతులోని వణుకుతో సహా.

జనం చప్పట్లు కొట్టారు. "ఇద్దరూ ఎంత బాగా చేస్తున్నారో" అని నా పక్కనున్నావిడ మెచ్చుకుంది.

నేను కదల్లేదు. అదీ కదల్లేదు. దాని అరచేయి ఎడమ కంటి మీదే ఉండిపోయింది, కుడి కన్ను మాత్రం నన్నే చూస్తోంది. ఆ కన్ను నా కళ్లలో నీళ్లను చూసింది. దాని పెదాల మధ్య నుంచి సూదులు ఒక్కొక్కటే మిషన్ మీద రాలిపోయాయి. తలుపులు మూయడానికి ఇంకా రెండు గంటల సమయం ఉంది.

"ఎన్నాళ్ల నుంచి అక్కా?" అంది, తన సొంత గొంతుతో.

"నువ్వే చెప్పాలే" అన్నాను. "మూడు నెలలు కూర్చుని చూసింది నువ్వే కదా."