బంతి ముట్టని అల్లుడికి సన్మాన పత్రం

మంగళగిరి చేనేత కాలనీకి ఇప్పుడు వెళ్లినా నాకు కుర్చీ వేసేముందు వెనక గిన్నెలేమైనా ఉన్నాయేమో ఒకసారి చూసుకుంటారు. వాళ్ల జాగ్రత్తలో తప్పులేదు. పదిహేనేళ్ల కిందట ఆ కాలనీలో, ఊరంతా చూస్తుండగా, ఒక పెద్దమనిషి పరువును, ఒక ఆటగాడి ఎనిమిదేళ్ల కష్టాన్ని, రెండు వందల మందికి సరిపడా పులిహోరను నేను ఒక్క సాయంత్రంలో ప్రమాదంలో పడేశాను. మొదటి రెండూ ఎలాగో గట్టెక్కాయి. పులిహోర గట్టెక్కలేదు.

అప్పుడు నాకు ఇరవై ఏడేళ్లు. విజయవాడలో ఒక దినపత్రికలో విలేకరిని. నాకు రెండు విద్యలు వచ్చని గర్వం. ఒకటి, సన్మాన పత్రాలు రాయడం. కంకిపాడు నుంచి హనుమాన్ జంక్షన్ దాకా ఎవరికి శాలువా కప్పినా, పక్కన అద్దాల ఫ్రేములో ఉండే పత్రం నా చేతి మీదుగా వెళ్లిందే. పెద్ద కష్టం లేదు. హెడ్మాస్టరు గారి పత్రంలో బడి తీసేసి ఆసుపత్రి పెడితే డాక్టరు గారి పత్రం. ఆసుపత్రి తీసేసి మిల్లు పెడితే మిల్లు యజమానిది. 'ఓ ధీరోదాత్తా' మాత్రం ఎవరికైనా అదే.

రెండో విద్య, జరగని సభకు వార్త రాయడం. మా జిల్లా పేజీ సాయంత్రం ఐదింటికి మూసేవారు, ఫొటోకి మాత్రం ఖాళీ ఉంచి ఎనిమిదింటి దాకా ఆగేవారు. సభలు ఆరింటికి మొదలయ్యేవి. అందుకని మధ్యాహ్నం మూడింటికే 'సభ కరతాళ ధ్వనులతో మార్మోగింది' అని రాసి పంపేసేవాణ్ని. మూడేళ్లలో ఒక్కసారీ తప్పు పోలేదు. సన్మాన సభలో ఏమీ జరగదు, అదే దాని గొప్పతనం.

ఇలాంటి నా దగ్గరికి ఒక ఉదయం వీరాస్వామి గారు వచ్చారు. నేత కుటుంబం, మంగళగిరిలో చీరల దుకాణం. వచ్చి కూర్చుని, కండువా అంచు మడత పెడుతూ, విప్పుతూ, అసలు సంగతి చెప్పడానికి పావుగంట పట్టింది. ఆయన కూతురు పద్మజ అమెరికాలో మోకాళ్లకు, భుజాలకు వ్యాయామ చికిత్స చేస్తుంది. ఆమె దగ్గరికి మోకాలు బాగు చేయించుకోవడానికొచ్చిన ఒక ఫుట్‌బాల్ ఆటగాడు, మోకాలు బాగయ్యాక కూడా వెళ్లలేదు. ఆయన పేరు కర్టిస్. ఇప్పుడు వీరాస్వామి గారి అల్లుడు. వాళ్లది మనం కాలితో తన్నే ఆట కాదు, కోడిగుడ్డు ఆకారం బంతిని చంకన పెట్టుకుని పరిగెత్తే అమెరికా ఆట. ఆయన ఎనిమిదేళ్లు జీతం తీసుకుని ఆడి, మోకాలు అరిగి మానేశాడు. కాలనీ వాళ్లు సన్మానం తలపెట్టారు.

ఇంతవరకూ శుభమే. చిక్కల్లా హనుమాన్ జంక్షన్‌లో లారీ విడిభాగాలు అమ్మే తోడల్లుడు సుబ్బారావు గారితో వచ్చింది. ఆయన అల్లుడు ఇంజనీరు. ఏ పెళ్లిలో కలిసినా, ఏ పేరంటంలో కలిసినా సుబ్బారావు గారు ఒకే ప్రశ్న అడుగుతాడట, మీ అల్లుడు ఆ ఆటలో అసలేం చేశాడని. వీరాస్వామి గారికి జవాబు తెలియదు.

"మావాడేం చేశాడో ఆయనకి అర్థమయ్యేలా రాయండి బాబూ," అన్నారు వీరాస్వామి గారు. "ఒక్కసారి అర్థమైతే చాలు. మళ్లీ అడగడు. నాలుగేళ్లుగా పెళ్లి భోజనం ప్రశాంతంగా తినలేదు నేను."

ఆ మాట అక్షరాలా పాటించి ఉంటే ఈ రోజు మీకు చెప్పడానికి నా దగ్గర ఏమీ ఉండేది కాదు.

మర్నాడు దుకాణానికి వెళ్లాను. బ్యారేజీ గేటంత మనిషి, చీరల బీరువాల మధ్య ఒక చిన్న స్టూలు మీద కూర్చుని ఉన్నాడు. స్టూలును చూస్తే జాలేసింది. ఆయనకు వచ్చిన తెలుగంతా ఆ దుకాణంలో మామగారు బేరాలాడుతుంటే విని నేర్చుకున్నది. నన్ను చూడగానే "రండి, కూర్చోండి, చూపిస్తానండీ," అన్నాడు. మిగతాది పద్మజ తెలుగులో చెప్పింది.

ఎన్నిసార్లు గెలుపు గీత దాటావని అడిగాను. ఒక్కసారీ లేదన్నాడు. బంతి ఎన్నిసార్లు చేతికొచ్చిందన్నాను. ఆలోచించి, కాళ్ల వేళ్లూ చేతుల వేళ్లూ కలిపి లెక్కపెట్టవచ్చన్నాడు, అదీ ఎనిమిదేళ్లలో. నా కలం ఆగిపోయింది. తన స్థానం పేరు ఫుల్‌బ్యాక్ అని, బంతి పట్టుకున్నవాడు వెనక వస్తుంటే తను ముందు పరిగెత్తి, ఆపడానికి వచ్చినవాణ్ని గుద్ది పక్కకు నెట్టడమే తన పని అని చాలా ఉత్సాహంగా చెప్పాడు.

"ఈయన వెనకాయన చొక్కా ఎప్పుడూ తెల్లగానే ఉండేదటండీ," అంది పద్మజ. "అది చూసుకుని మురిసిపోతాడీయన."

తెలివున్న విలేకరి అయితే ఆ ఒక్క వాక్యం రాసుకుని ఇంటికెళ్లేవాడు. నాకు మాత్రం జాలి వేసింది. పాపం, ఇంత దూరం నుంచొచ్చాడు, చెప్పుకోడానికి ఒక్క గెలుపూ లేదు, ఇది చదివితే సుబ్బారావు గారు ఊరుకుంటాడా? ఉదారంగా ఆలోచించాను. బంతి లేనివాడికి బంతి ఇచ్చాను. గీత దాటనివాణ్ని వందసార్లు దాటించాను. కలం నాది, నాకేం కష్టం?

సభ రోజు మధ్యాహ్నం వార్త కూడా పంపేశాను, ఫొటో కింద వేయాల్సిన వాక్యంతో సహా. మా పేజీ ఇన్‌చార్జికి ఫోన్ చేసి మరీ చెప్పాను, ఇందులో సాహిత్య విలువలున్నాయి, అక్షరం మార్చొద్దని. "అక్షరం మార్చను నాయనా," అన్నాడాయన. ఈ మాట గుర్తుంచుకోండి.

షామియానా కింద జనం కిటకిటలాడారు. వేదిక ఒక పక్క మెట్లు, రెండో పక్క భోజనాల వాళ్లు దించిన పులిహోర గంగాళం. కర్టిస్‌కు పట్టు కండువా కప్పారు, ఆయన భుజాలకది చేతిరుమాలులా ఉంది. ముందు వరసలో సుబ్బారావు గారు కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు. నేను గొంతు సవరించుకుని పత్రం అందుకున్నాను.

"ఓ ధీరోదాత్తా! బంతిని గుండెలకు హత్తుకుని, ప్రత్యర్థుల వ్యూహాలు చీల్చి, నూరు పర్యాయములు విజయరేఖను దాటిన ఓ మెరుపు వీరా!"

చప్పట్లు మోగాయి. వీరాస్వామి గారి ముఖం వెలిగిపోయింది. కర్టిస్ చెవిలో నా మాటలు ఇంగ్లీషులోకి మారుస్తున్న పద్మజ మాత్రం 'నూరు పర్యాయములు' దగ్గర ఆగి నా వైపు చూసింది. ఆ చూపుకు అర్థం నాకు తెలుసు, కానీ నేను రెండో పేరాలో ఉన్నాను, రెండో పేరాలో నేనెప్పుడూ ఆగలేదు. ఆ ఊరి కొండ మీది దేవుడు ఎంత పానకం పోసినా సగమే పుచ్చుకుని సగం తిరిగిస్తాడంటారు. నేను పోసింది పోసినట్టే తిరిగిచ్చే మనిషి పక్కనే ఉన్నాడని నాకు తోచలేదు.

పత్రం ముగిశాక కర్టిస్ మైకు ముందుకొచ్చాడు.

"నమస్కారమండీ. చాలా బాగుందండీ. కానీ అది నేను కాదండీ. నా వెనకాయనండీ."

సుబ్బారావు గారు కాలు మీద నుంచి కాలు దించాడు.

"అన్నయ్యా, అంటే మీ అల్లుడు ఎనిమిదేళ్లలో ఒక్కటీ కొట్టలేదా?" అన్నాడు, వీరాస్వామి గారితో మాట్లాడుతున్నట్టుగా, చివరి వరసకు వినిపించేలాగా. "మరి జీతం దేనికిచ్చారూ?"

వీరాస్వామి గారు కండువా అంచు మడత పెట్టడం మొదలుపెట్టారు. మళ్లీ విప్పలేదు. నా మూడేళ్ల పత్రాల అనుభవంలో ఆ క్షణానికి తగిన విశేషణం ఒక్కటీ దొరకలేదు.

మామగారి తల వంగడం కర్టిస్ చూశాడు. పద్మజతో రెండు ముక్కలు మాట్లాడి, సభ వైపు తిరిగి, "చూపిస్తానండీ," అన్నాడు. పూజకు తెచ్చిన కొబ్బరికాయ తీసి మామగారి చంకన పెట్టాడు. వేదిక ఆ చివరున్న కుర్చీ చూపించి అక్కడికి నడవమన్నాడు. అడ్డుకోవడానికి ఎవరైనా రావాలని పద్మజ మైకులో అడిగింది. ఎవరూ కదల్లేదు.

"రాసినాయన ఉన్నాడుగా," అన్నాడు సుబ్బారావు గారు.

నిజమే, నేనున్నాను. పైగా ఆ సభలో నా పరువు ఎంతో కొంత మిగుల్చుకోవాలన్న ఆశ కూడా ఉంది. డెబ్బై ఏళ్ల పెద్దాయన చేతిలో కొబ్బరికాయ, మోకాలు అరిగిన అల్లుడు. లాక్కోవడం ఎంతసేపు? నడుం వంచి, చేతులు చాచి, కబడ్డీ కూతకు వెళ్లేవాడిలా నిలబడ్డాను.

తర్వాత జరిగింది నాకు ముక్కలుగానే గుర్తుంది. బెంజి సర్కిల్ దగ్గర బస్సు మలుపు తిరిగినట్టు ఆ భుజం తిరగడం గుర్తుంది. ఆయన నన్ను గుద్దలేదు, అది చెప్పాలి. దుకాణంలో చీర మడత పక్కన పెట్టినంత సున్నితంగా నన్ను నడుం దగ్గర పట్టి ఎత్తాడు. అలవాటు కొద్దీ ఎంతో మర్యాదగా "కూర్చోండి," అన్నాడు. కూర్చున్నాను. అక్కడ పులిహోర ఉంది, గోరువెచ్చగా.

గంగాళంలోంచి నాకు ఆకాశం వైపు నా కాళ్లు, వాటి మధ్యలోంచి వీరాస్వామి గారు కనిపించారు. ఆయన తొందరపడలేదు. దుకాణం తెరవడానికి వెళ్లినట్టు నింపాదిగా నడిచి, ఆ చివర కుర్చీలో కొబ్బరికాయ పెట్టారు. ఆయన తెల్లచొక్కా మీద ఒక్క పసుపు మెతుకైనా పడలేదు.

అప్పుడు మోగాయి చూడండి చప్పట్లు. నేను మధ్యాహ్నం రాసినవాటికి రెట్టింపు. సుబ్బారావు గారు లేచి వేదిక దగ్గరకొచ్చాడు. నన్ను చూశాడు, గంగాళాన్ని చూశాడు, కర్టిస్‌ను పైనుంచి కిందికి చూశాడు.

"అర్థమైందన్నయ్యా," అన్నాడు. "తక్కువే ఇచ్చుంటారు జీతం."

మర్నాడు పొద్దున్న పేపరు తెరిచాను. నా వార్త ఉన్నదున్నట్టు వచ్చింది, నూరు పర్యాయములతో సహా. దాని నడుమ, మూడు కాలమ్‌ల వెడల్పున, పులిహోర గంగాళంలోంచి పైకి లేచిన రెండు కాళ్ల ఫొటో. కింద నేను ముందే పంపిన వాక్యం: 'ఆటగాడి ఘనతను సభికుల కళ్లకు కట్టిన మా విలేకరి.' ఇన్‌చార్జికి ఫోన్ చేశాను. "అక్షరం మార్చొద్దన్నావు కదయ్యా," అన్నాడు.

అబద్ధం రాసినందుకు సవరణ నేనే రాశాను, ఈసారి తెల్లచొక్కా సంగతితో. దాన్ని ఎవరూ దాచుకోలేదు. నేను రాసిన పత్రం ఫ్రేము కూడా ఏమైందో తెలియదు. వీరాస్వామి గారు మాత్రం ఆ ఫొటో కత్తిరించి, ఫ్రేము కట్టించి, దుకాణంలో గల్లాపెట్టె పైన తగిలించారు. మీ అల్లుడు ఏం చేసేవాడండీ అని ఎవరడిగినా ఇప్పుడాయన తడుముకోరు. చీర మడత పెడుతూనే వేలు పైకి చూపిస్తారు.

"అవిగో, ఆ కాళ్లు. అదండీ మా అల్లుడి ఉద్యోగం."

కనుక పాఠకుల సమక్షంలో, కొండ మీది దేవుడి సాక్షిగా, పూర్తి స్పృహతో ప్రమాణం చేస్తున్నాను: ఒకరు ముట్టని బంతిని వారి చంకలో ఇక పెట్టను, మోగని చప్పట్లు రాయను, ఫుల్‌బ్యాక్ ఎవరైనా నన్ను మర్యాదగా కూర్చోమంటే, వెనక ఏముందో చూసుకోకుండా కూర్చోను.